నలభై పోయి, నలభై వస్తే

నాకు శాతాలు అరచేతుల మీద వచ్చాయి. ఏడో తరగతిలో మా లెక్కల మాస్టారు చింతబరికెతో నేర్పారు. ఆయన పద్ధతి తేలిక. మొదటి రోజు లెక్క తప్పితే నాలుగు దెబ్బలు. మర్నాడు కూడా తప్పితే నిన్నటి మీద యాభై శాతం పెంపు. ఎన్ని దెబ్బలో మనమే నోటితో చెప్పి, తర్వాత చెయ్యి చాపాలి. చెప్పింది తప్పయితే అవి కాక ఇంకో రెండు. నాలుగు, ఆరు, తొమ్మిది వరకూ బాగానే ఉండేది. నాలుగో రోజు పదమూడున్నర వచ్చేది. అర దెబ్బంటే మెల్లగా కొట్టేదనుకునేరు. చెయ్యి బోర్లా తిప్పించి వేళ్ళ కణుపుల మీద కొట్టేవారు. పదమూడు ఓర్చుకున్నవాళ్ళు కూడా ఆ అర దగ్గర ఏడ్చేసేవాళ్ళు.

మా క్లాసులో నాకు వరసకు బావ ఒకడుండేవాడు. వాడి లెక్క నాలుగు, ఆరు, ఎనిమిది, పది. రోజుకి రెండే కదా పెరిగేది అని వాడి వాదం. "ఒరేయ్, పెంపు మొదటి రోజు మీద కాదురా, నిన్నటి మీద" అని మాస్టారు ప్రతిసారీ చెప్పేవారు, చెప్పి కొట్టేవారు. వాడు చేతులు ఊదుకుంటూ వచ్చి కూర్చుని, తర్వాతి వారం మళ్ళీ ఎనిమిదే అనేవాడు. ఎనిమిదో తరగతికి రాలేదు. ఇప్పుడు పత్తి లారీలకు బేళ్ళు ఎత్తుతున్నాడు. నేను మాత్రం పదిహేను రోజుల్లో నేర్చేసుకున్నాను. పెరిగిన దాన్ని పాతదానితో భాగించి నూటితో గుణించాలి. పాతది అంటే పెరగబోయే ముందు చేతిలో ఉన్నది, మొట్టమొదట ఉన్నది కాదు. ఈ ఒక్క ముక్క పట్టుకుంటే మిగతాదంతా వచ్చేస్తుంది.

మాస్టారి మనసు బాగున్న రోజు తగ్గింపు కూడా ఉండేది. ఒకసారి నాకు ఎనిమిది పడాల్సి ఉంటే యాభై శాతం తగ్గించి నాలుగన్నారు. ఇంతలో పక్కపిల్లతో గుసగుసలాడుతూ దొరికాను. "తగ్గించిన యాభై శాతం మళ్ళీ పెంచుతున్నా. ఇప్పుడెన్ని?" అని అడిగారు. క్లాసంతా ఎనిమిదంది. నేను ఆరన్నాను. పెంపు నాలుగు మీద కదండీ అన్నాను. ఆయన ఆరూ కొట్టి, "ఇది టీచరవుద్ది" అన్నారు. వాచిన చేతులతో నేను ఆ పూటంతా గాల్లో తేలిపోయాను. రెండు దెబ్బలు తగ్గినందుకు కాదు, ఆ మాటకు.

కాబట్టి దెబ్బల వల్లే నాకు చదువొచ్చిందని చాలా ఏళ్ళు నమ్మాను. మా పేటలో కూడా ఎవరూ వేరేగా అనుకునేవాళ్ళు కాదు. ఆదివారం తెల్లచీరలు కట్టుకుని చర్చికి పోయే ఆడవాళ్ళ వీపుల మీద శనివారం నాటి వాతలుండేవి. మా నాన్న అమ్మను కొట్టేవాడు, అమ్మ మమ్మల్ని కొట్టేది, మేం మేకపిల్లను కొట్టేవాళ్ళం. ఇది చెప్పుకుని నవ్వుకునేవాళ్ళం కూడా. నేను టీచరునై సొంత మండలంలోనే హైస్కూల్లో చేరాక, మొక్కై వంగనిది మానై వంగునా అని స్టాఫ్ రూములో అందరికంటే గట్టిగా అన్నదాన్ని నేనే.

లెక్కలో నిజం చెబితే ఏమవుతుందో కూడా నాకు ఉద్యోగం కొత్తలోనే తెలిసింది. మా ఊళ్ళో ఇద్దరన్నదమ్ములు తొంభై సెంట్ల మిరప చేను పంచుకున్నారు. తమ్ముడి వైపు నేల చౌడు. అందుకని పెద్దలు వాడికి యాభై సెంట్లు, అన్నకి నలభై ఇచ్చారు. అన్న ఊరంతా తిరిగి, "వాడికి నాకంటే పాతిక శాతం ఎక్కువిచ్చారు" అన్నాడు. తమ్ముడు ఫోన్లో కొట్టి చూసుకుని, "మా అన్నకి నాకంటే తక్కువైంది ఇరవై శాతమే, మిగతా అయిదూ అబద్ధం" అన్నాడు. అబద్ధాలకోరు వాడేనని అన్న తిరిగి అన్నాడు. ఆ అయిదు శాతం నేల ఎవరు మింగారని చివరికి పెద్దల మీదే అనుమానం వచ్చింది. నన్ను పిలిచారు. నేను చర్చి వరండాలో సుద్దముక్కతో నేల మీద వేసి చూపించాను. తేడా పది సెంట్లు. పదిని నలభైతో భాగిస్తే పాతిక శాతం, యాభైతో భాగిస్తే ఇరవై శాతం. ఇద్దరూ నిజమే చెప్తున్నారన్నాను.

"ఇద్దరూ నిజమెట్టా అవుద్దండీ?" అన్నాడు తమ్ముడు. "అంటే నేను అబద్ధాలకోరునని వాడన్నది కూడా నిజమేనా?"

అన్న నవ్వాడు. ఆ నవ్వుకి తమ్ముడు గోడకు ఆనించి ఉన్న పార అందుకున్నాడు. తిరగేసి కర్రవైపుతో కొట్టబట్టి అన్న బతికాడు గానీ, తల మీద ఏడు కుట్లు పడ్డాయి. నా సుద్ద అంకెల మీద రక్తం పడితే ఆడవాళ్ళు బిందెలతో నీళ్ళు పోసి కడిగారు. వాళ్ళమ్మ చీపురు పట్టుకుని నా ముందు నిలబడి, "నువ్వు ఊరుకుంటే పోయేదిగా తల్లీ" అంది. ఆ మాట నాకు బాగా గుర్తుండిపోయింది. తర్వాత దాన్ని ఎంత దుర్మార్గంగా వాడుకున్నానో చెప్తాను.

నా క్లాసులో ఒక పాప ఉండేది, ఎనిమిదో తరగతి. పదమూడేళ్ళుంటాయి, సన్నగా, వయసుకు మించిన పొడుగు. మిరప కోతల రోజుల్లో బడికి రాదు. తండ్రి ఒంగోలు వైపు గ్రానైట్ క్వారీలో పనిచేస్తూ నెలకోసారి వస్తాడు. తల్లి కూలికి పోతుంది. బడిలో చేర్చిన రోజు ఆ తల్లి పాప భుజాలు పట్టుకుని నా ముందుకు నెట్టి, "కళ్ళు రెండూ వదిలేసి తోలు వలిచెయ్యండి మేడమ్. మేమేమీ అనుకోం" అంది. మా వైపు తల్లిదండ్రులందరూ టీచరుకు గౌరవం ఇవ్వడానికి అనే మాటే ఇది. కళ్ళ సంగతి చెప్తారు గానీ చెవుల సంగతి ఎవరూ చెప్పరు.

దసరా సెలవులయ్యాక శాతాలు మొదలుపెట్టాను. బోర్డు మీద లెక్క ఇది. ఒక రైతుకి నిరుడు యాభై టిక్కీల మిరపకాయ వచ్చింది. ఈ ఏడు దిగుబడి నలభై శాతం తగ్గింది. వచ్చే ఏడు నలభై శాతం పెరిగితే ఎన్ని టిక్కీలు? టిక్కీ అంటే మిరప బస్తా, ఆ మాట తెలియని పిల్ల మా బడిలో ఉండదు. నలభై మందిలో ముప్పై అయిదుగురు యాభై అన్నారు. పోయింది నలభై, వచ్చింది నలభై, చెల్లుకు చెల్లు. రెండు రోజులు గొంతు చించుకున్నాను. యాభైలో నలభై శాతం ఇరవై. మిగిలింది ముప్పై. పెంపు ఆ ముప్పై మీద. ముప్పైలో నలభై శాతం పన్నెండే. ముప్పై, పన్నెండు కలిపితే నలభై రెండు. అందరూ తలలూపారు. తలలూపడం మా పిల్లలకు పుట్టుకతో వచ్చిన విద్య.

మూడో రోజు తనిఖీకి ఒక అధికారి వచ్చి వెనక బెంచీలో కూర్చున్నారు. ఉన్నట్టుండి ఆ పాపను లేపి, బోర్డు మీదున్న లెక్కే అడిగారు.

"యాభై అండి" అంది.

"ఎట్లా?"

"టిక్కీలోంచి నలభై దోసిళ్ళు తీసి మళ్ళీ నలభై దోసిళ్ళు పోస్తే నిండుద్ది గదండీ."

ఆయనకు నవ్వొచ్చింది. "పాప చెప్పింది బాగానే ఉంది మేడమ్. మీరు చెప్పాల్సిందే ఇంకా మిగిలినట్టుంది" అని, పుస్తకంలో ఏదో రాసుకుని, హెడ్మాస్టరు గదిలో టీ తాగడానికి వెళ్ళారు. పిల్లలు నవ్వారు. నవ్వింది ఆ పాపను చూసే. నాకు మాత్రం నన్ను చూసి నవ్వినట్టనిపించింది. నాకు కోపం ముక్కు మీదే ఉంటుందని ఇంట్లోవాళ్ళు అంటారు. తప్పేమీ లేదు, ఉంటుంది. పుట్టి ఇన్నేళ్ళలో దాన్ని తగ్గించుకోవాలని నేనెప్పుడూ అనుకోలేదు. కోపం లేని టీచరుకు క్లాసు లొంగదనుకునేదాన్ని.

పాపను ముందుకు పిలిచాను. చేతిలో కర్ర లేదు. పిల్లల్ని కొట్టకూడదని పైనుంచి ఉత్తర్వులొచ్చాక కర్రను బీరువా పైకి విసిరేశాను, అదేదో ఘనకార్యమైనట్టు. కర్ర ఉంటే అరచేతుల మీద పడేది. లేదు కాబట్టి కుడిచెయ్యి భుజం దాకా వెనక్కి తీసి ఎడమ చెంప మీద కొట్టాను. చెంప మీదే అనుకున్నాను. నా అరచెయ్యి చెవి మీద పడింది. గాలి నింపిన కాగితం సంచి పేలినట్టు చప్పుడైంది. పాప పక్కకు తూలి, బెంచీ అంచుకు నడుం కొట్టుకుని, పడకుండా నిలబడింది. "ఇప్పుడు చెప్పు, ఎన్ని?" అన్నాను. రెండో చెంప మీద కూడా కొట్టాను. మళ్ళీ ఎన్ని అన్నాను. పెదవులు కదిలాయి గానీ మాట రాలేదు. ఏడవలేదు. చూపుడువేలు చెవిలో పెట్టుకుని, తీసి, ఆ వేలి వైపు చూసుకుంది. గోరు దగ్గర రక్తం. దాన్ని చున్నీకి తుడుచుకుంది. పోయి కూర్చోమన్నాను. బోర్డు మీద నలభై రెండు వేసి, కింద రెండు గీతలు గీసి, గంట కొట్టేదాకా ఇంకో మూడు లెక్కలు చేయించాను. చెయ్యి మండుతూనే ఉంది. దాచడం దేనికి, ఆ మంట నాకు హాయిగానే ఉంది.

మర్నాడు పొద్దున్నే తల్లి బడి గేటు దగ్గర నిలబడి ఉంది. పక్కన పాప, చెవిలో దూది. పోట్లాటకు వచ్చిందనుకుని నేనూ దానికి తయారయ్యే నడిచాను. నోట్లో మాటలు కూడా పేర్చుకున్నాను. ఆమె అడిగింది వేరు.

"చెవిలో గుయ్యిమంటందంటదండి. ఏ డాక్టరుకి చూపించమంటారు మేడమ్? మీకైతే తెలుస్తదిగా."

నన్ను ఒక్క మాట అనలేదు. తిడితే ఎంత బాగుండేదో. సెలవు పెట్టి ఇద్దర్నీ బస్సులో గుంటూరు తీసుకెళ్ళాను. చెవి డాక్టరు కుర్రవాడు. లైటు పెట్టి చూసి, కర్ణభేరికి చిల్లు పడిందన్నాడు. ఎట్లా తగిలిందని అడిగాడు. నేను నోరు తెరిచేలోగా తల్లి, "కల్లంలో పడిందండి. రాయి తగిలింది" అంది. డాక్టరు పాప గడ్డం పట్టుకుని మొహం వెలుతురు వైపు తిప్పాడు. చెంప మీద నాలుగు వేళ్ళ వాపు అట్లాగే ఉంది.

"రాయికి వేళ్ళుంటాయా?" అన్నాడు. "కన్నబిడ్డను ఇట్లాగేనా కొట్టేది? నువ్వసలు తల్లివేనా?"

ఆమె తల వంచుకుంది. "తప్పయిపోయిందండి" అంది. ఆ గదిలో నేను కూడా ఉన్నాను. నా హ్యాండ్‌బ్యాగు, నా కళ్ళజోడు, నా ఉద్యోగం, అన్నీ వేసుకుని తేలు కుట్టిన దొంగలా నిలబడి ఉన్నాను. డాక్టరు నాతో, "మీరు టీచరుగారంటున్నారుగా, వీళ్ళకు కాస్త చెప్పండి మేడమ్" అన్నాడు. చెప్తానన్నాను.

మూడు నెలలు నీళ్ళు తగలకుండా చూసుకుంటే చిల్లు దానంతటదే పూడొచ్చన్నాడు. పూడలేదు. క్రిస్మస్‌కు తలంటు పోసుకుంటే చీము పట్టింది. జనవరిలో మళ్ళీ వెళ్ళాం. ఏవో శబ్దాలు వినిపించి పరీక్ష చేసి, ఆ చెవిలో వినికిడి నలభై శాతం పోయిందని, ఆపరేషన్ చేసి పొర అతికించాలని చెప్పాడు.

"చేస్తే మళ్ళీ ఇనపడుద్దాండీ?" అని తల్లి అడిగింది.

డాక్టరు కాగితాలు నింపుతూ, తలెత్తకుండానే, "ఇప్పుడున్న వినికిడి మీద ఒక నలభై శాతం పెరగొచ్చమ్మా. అంతకుమించి ఆశ పెట్టుకోవద్దు" అన్నాడు.

ఆమె మొహం విప్పారింది. బయటికొచ్చాక వరండాలో నా చేతులు రెండూ పట్టుకుంది. "నలభై పోయింది, నలభై వస్తదంట మేడమ్. ఇంకేం కావాలి, చెల్లుకు చెల్లు. దేవుడున్నాడు" అంది. పాప ఆమెకు ఎడంగా, గోడ మీద బొమ్మలు చూస్తూ నిలబడి ఉంది.

డాక్టరు నోట్లోంచి ఆ మాట రాగానే నా బుర్రలో లెక్క జరిగిపోయింది. నూటిలో నలభై పోతే మిగిలింది అరవై. పెరిగేది ఆ అరవై మీద. అరవైలో నలభై శాతం ఇరవై నాలుగు. అరవై, ఇరవై నాలుగు కలిపితే ఎనభై నాలుగు. నూటికి పదహారు ఎప్పటికీ రాదు. ఏ తప్పు చేసిందని కూతురి చెవి పగలగొట్టానో, అదే తప్పు తల్లి నా ఎదురుగా, నా చేతులు పట్టుకుని చేస్తోంది. నేను "అవునమ్మా" అన్నాను.

బస్సులో తిరిగొస్తూ నాకు నేను చాలా చెప్పుకున్నాను. అన్నదమ్ముల తల్లి అన్న మాటను బయటికి తీశాను. ఊరుకుంటే పోయేదిగా అని అందరూ అంటారు. నిజం చెప్పి ఒకరి తల పగలగొట్టించాను, ఇప్పుడీమె సంతోషం పగలగొట్టడం దేనికి అనుకున్నాను. అదంతా బూటకం. పదహారు ఇక రాదని తెలిస్తే ఆమె మనసు మారి ఎవరికైనా నా పేరు చెప్తుందేమోనని భయం. అంతకుమించి ఏమీ లేదు. ఇదంతా ముగిశాక, వేసవిలో, హెడ్మాస్టరుకు అంతా రాసిచ్చాను, విచారణ జరిగింది, శిక్ష కూడా పడింది. దాని గురించి రాయను. శిక్ష పడినవాళ్ళకు తమ శిక్ష తప్ప ఇంకేమీ కనపడదు.

ఆపరేషన్ అయింది. కట్టు విప్పాక పాప బడికొచ్చింది. ఎప్పుడూ కూర్చునే చోటు మానేసి, బెంచీకి ఎడమ చివరకు మారింది. అక్కడైతే అందరూ తనకు కుడివైపే ఉంటారు. అది చూశాను, అర్థమైంది, పాఠం చెప్పుకుంటూ పోయాను. ఆ ఏడాది ఇక ఎవర్నీ కొట్టలేదు. పిల్లలు నాకు ఒంట్లో బాగాలేదనుకున్నారు.

ఏప్రిల్లో ఒంటిపూట బడుల రోజుల్లో పాప వారం పాటు రాలేదు. పరీక్షలు దగ్గరపడ్డాయి. ఒక మధ్యాహ్నం బడి వదిలాక నేనే కల్లానికి వెళ్ళాను. కల్లమంటే కాయలు ఎండబోసే మైదానం. ఊరి చివర ఎకరాల కొద్దీ నేల కనపడకుండా మిరపకాయలు పరిచి ఉన్నాయి. ఘాటుకు గొంతు పట్టేసింది. పదిమంది ఆడవాళ్ళు మొహాలకు గుడ్డలు కట్టుకుని తాలుకాయలు, అంటే రంగు పోయి తెల్లబడిన కాయలు, ఏరి పక్కన పడేస్తున్నారు. పాప వాళ్ళకు కాస్త ముందు, నాకు వీపు పెట్టి కూర్చుని ఏరుతోంది. తల్లి ఆమెకు ఎడమపక్క, పదడుగుల దూరంలో ఉంది.

"ఆ బుట్ట ఇటు తేవే" అంది తల్లి.

పాప కదల్లేదు.

"ఏమే, నిన్నే."

పాప ఏరుకుంటూనే ఉంది. తల్లి లేచింది. వెనకనుంచి పోయి జడ పట్టుకుని ముందుకు వంచి వీపు మీద గుద్దింది. వంగబెట్టి, ఆగకుండా, వేళ్ళు ముడిచి గుద్దింది. పాప ఎందుకు కొడుతున్నారో తెలియని మనిషిలా ఒక్కసారి వణికి, తర్వాత రెండు చేతులూ చెవుల మీద పెట్టుకుని ముడుచుకుపోయింది. జుట్టు ఊడి తల్లి చేతిలోకి వచ్చింది. "చాల్లేవే, ఎండన పడి సచ్చుద్ది" అన్నారు పక్కవాళ్ళు, కూర్చున్నచోటు నుంచి లేవకుండానే. తల్లి కాలితో తన్నింది. నేను పరుగెత్తి ఆమె చెయ్యి పట్టుకున్నాను.

"చూడండి మేడమ్, మీరే చూడండి" అంది మొహానికి కట్టిన గుడ్డ లాగేసి, రొప్పుతూ. "డాక్టరుగారు పోయిన నలభై తెప్పించారు. చెవి మొత్తం వచ్చింది. అయినా నేను పిలిస్తే పలకదు. రెండు నెలల్నుంచి ఇదే వరస. పొగరు. పొద్దున్నొకసారి, సాయంత్రమొకసారి తంతన్నా, మార్పు లేదు. మీరన్నా నాలుగు తగిలించండి. మీరంటే భయం దానికి."

పాప చేతుల మీద మచ్చలున్నాయి. కొన్ని నల్లగా, కొన్ని పచ్చబడి మానుతూ. రెండు నెలలుగా ఈ దెబ్బలన్నీ ఆమె చేత కొట్టించింది నేను. ఆ వరండాలో ఒక్క మాట చెప్పి ఉంటే ఇందులో ఒక్కటీ పడేది కాదు.

నేను అక్కడే నేల మీద కూర్చున్నాను. ఖాళీగా ఉన్న టార్పాలిన్ పట్టా మీద కాయలు వరసకు పది చొప్పున పది వరసలు పేర్చాను. ఆమెను ఎదురుగా కూర్చోమన్నాను. ఏం చేస్తున్నానో తెలియక కూర్చుంది. పాప కళ్ళు తుడుచుకుంటూ తల్లి పక్కకు వచ్చింది. ఆడవాళ్ళు ఒక్కొక్కరే లేచి చుట్టూ చేరారు.

"ఇది పాప చెవి" అన్నాను. "నూరు." నాలుగు వరసలు తీసేశాను. "ఇది పోయింది. మిగిలిందెంత?"

"అరవై."

"డాక్టరు పెరుగుద్దన్నది ఈ మిగిలిన దాని మీద. పదికి నాలుగు పెరిగినట్టు. వరసకు నాలుగు చొప్పున, ఆరు వరసలకు ఎన్ని?"

కూలి మనిషి, లెక్క ఆమెకు నాకంటే ముందే వచ్చింది. "ఇరవై నాలుగు" అని, తనే కాయలు లెక్కపెట్టి ఖాళీలో పేర్చింది. రెండు వరసలు నిండి, మూడో వరసలో నాలుగు పడ్డాయి. ఇంకా పట్టా ఖాళీగానే ఉంది. ఆమె ఆ ఖాళీ వైపు చూసింది. ఇంకో కాయ తీసుకుని, పెట్టబోయి ఆగింది.

"ఇవెప్పుడొస్తయ్?"

"పదహారు. రావు."

"ఎవరు చెప్పారు?"

"డాక్టరే. ఆ రోజు నీ ముందే."

"నలభై అన్నాడు గదండీ."

"నలభై అనే అన్నాడు. దేని మీద నలభయ్యో నీకు తెలియలేదమ్మా. నాకు తెలిసింది. తెలిసే నీతో అవునన్నాను. కొట్టింది నేను గనక."

ఆమె కొడుతుందనుకున్నాను. కొట్టాలనే కోరుకున్నాను. ఎండకు తల మీద కప్పుకున్న కొంగు తీసేసి, మొహం ఆమెకు అందేలా ముందుకు వంగాను. పది మంది ముందు ఆమె నా చెంప వాయిస్తే అక్కడినుంచి లేచి ఇంటికి పోయి నిద్రపోవచ్చని, సిగ్గులేకుండా, ఆ క్షణంలో కూడా నా గురించే ఆలోచించాను.

ఆమె నన్ను చూడనే లేదు. పాప వైపు తిరిగింది.

"అయితే ఇన్నాళ్ళూ ఇది ఇనపడకే పలకలేదా?" అంది.

నేను తలూపాను. ఆమె చెయ్యి లేచింది. తన చెంప మీదే పడింది. రెండో చెయ్యి రెండో చెంప మీద. పొద్దుట్నుంచి మిరపకాయలు ఏరిన చేతులవి. ఆ చేత్తో కన్ను నలుపుకుంటే గంటసేపు చూపు ఆనదు. ఆమె కళ్ళ మీద, నోటి మీద, చెవుల మీద ఎక్కడ పడితే అక్కడ కొట్టుకుంది. పెదవి చిట్లింది. కారం తగిలి కళ్ళు మూసుకుపోయినా ఆపలేదు. నేను ఆ చేతులు పట్టుకోబోతే మోచేత్తో నా రొమ్ము మీద కొట్టి తోసేసింది. నేను పేర్చిన కాయలన్నీ కింద చెదిరిపోయాయి.

పాప తల్లి మీద పడి ఆమె రెండు చేతులూ దొరకబుచ్చుకుంది. వాటిని ఒళ్ళోకి లాక్కుని, వాటి మీద బరువంతా వేసి కూర్చుంది. తల్లి విడిపించుకోబోతున్న కొద్దీ ఇంకా గట్టిగా అదిమిపట్టింది. చున్నీ కొసతో తల్లి కళ్ళు ఒత్తింది. తర్వాత నా వైపు చూడకుండా, చెవి సరిగా వినపడనివాళ్ళు మాట్లాడే ఆ పెద్ద గొంతుతో, "ఇంక మీరు పొండి టీచర్" అంది.